ఏడుగురి జట్టుకు ఎనిమిదోవాణ్ణి

ఆ ఏడుగురినీ పెనాంగ్ ఎయిర్‌పోర్టులో వ్యాన్ ఎక్కించుకున్న రోజు నేను రెండు అబద్ధాలు చెప్పాను. మొదటిది, వ్యాన్‌లో ఏసీ పది నిమిషాల్లో మంచు కురిపిస్తుందని. రెండోది, నేను వయసులో ఉండగా పెరాక్ రాష్ట్రం మొత్తానికీ కబడ్డీ ఛాంపియన్‌నని. మొదటిదాని సంగతి సముద్రం మీది వంతెన దాటేలోపే తేలిపోయింది. రెండోదాన్ని మాత్రం నమ్మేశారు.

అబద్ధాలు నాకు కొత్తేం కాదు. సుంగై పెటానిలో రబ్బరు చేతితొడుగుల ఫ్యాక్టరీలో ఇరవై ఎనిమిదేళ్లు పనిచేశాను. క్యాంటీన్‌లో మా బల్ల దగ్గర కుర్చీ దొరికేది కాదు. మలాయ్‌లు, చీనావాళ్లు, తమిళులు అందరూ పళ్లేలు పట్టుకొని చుట్టూ నిలబడేవారు. నేను పుట్టిన కొబ్బరి ఎస్టేట్‌లో ఒక కోతి కాయలు దింపి, ముదురువి ఒక కుప్ప, లేతవి ఒక కుప్ప పోసి, సాయంత్రం హాజరు పుస్తకంలో వేలిముద్ర వేసేదని చెబితే, నమ్మకపోయినా అన్నం చల్లారేదాకా వినేవారు. తర్వాత ఫ్యాక్టరీలో కొత్త మిషన్లు వచ్చి మనుషుల్ని తగ్గించారు. బయటికి వచ్చి టూర్ వ్యాన్ నడపడం మొదలుపెట్టాను. టూరిస్టులు ఎక్కగానే చెవుల్లో ఏవో పెట్టేసుకుంటారు. అద్దంలో వాళ్ల మొహాలు కనిపిస్తాయి, అంతే. కోతి కథ గొంతు దాకా వచ్చి వెనక్కి పోతుంది.

ఇంట్లోనూ అంతే. నా భార్య తమిళావిడ. ఆవిడ ఉన్నన్నాళ్లూ ఇంట్లో తమిళం నడిచింది. ఆవిడ పోయి ఏడేళ్లయింది, అప్పటినుంచి ఇంట్లో ఏ భాషా లేదు. పిల్లలు లేరు. తెలుగు మాట్లాడాలంటే బాగన్ దాతుక్‌లో ఉన్న మా అక్కకు ఫోన్ చేయాలి. వాళ్ల పిల్లలకు తెలుగు అర్థమవుతుంది గానీ జవాబు మాత్రం తమిళంలో వస్తుంది. అంచేత అక్క, నేను, ఆదివారం సాయంత్రం ఒక పావుగంట. నా తెలుగు అంతా ఆ పావుగంటలోనే బతుకుతోంది.

ఆ ఏడాది పెనాంగ్ తీరంలో బీచ్ ఆటల పోటీలు పెట్టారు. చుట్టుపక్కల దేశాలన్నీ వచ్చాయి. పెద్ద దేశాలకు బస్సులు, కోచ్‌లు, డాక్టర్లు, నీళ్లు అందించేవాళ్లు. చిన్నవాటికి వ్యాన్లు. మరీ చిన్నదానికి నేను. నా మెడలో రెండు బ్యాడ్జీలు వేశారు. ఒకదాని మీద డ్రైవర్ అనీ, రెండోదాని మీద టీమ్ సహాయకుడు అనీ రాసుంది. ఆ దేశానికి విడిగా ఒక మనిషిని ఇవ్వడానికి మనుషులు చాలలేదట.

ఆ దేశం పేరు చెప్పను. చెబితే మీరు మ్యాప్ తెరుస్తారు. నేనూ తెరిచాను. వేళ్లతో పెద్దది చేస్తే నీలం. ఇంకా పెద్దది చేస్తే ఇంకా నీలం. ఫోన్‌లో చార్జింగ్ అయిపోయేముందు నాలుగు మెతుకులు రాలినట్టు ఏవో దీవులు కనిపించాయి.

అక్కకు చెప్పాను.

"ఎవరికి బండి తోలుతున్నావురా ఈ వారం?"

"ఒక దేశానికి."

"దేశానికేటి, నీ బండి సాలుద్దా?"

"ఏడుగురే లా అక్కా." మాట చివర లా తగిలించడం మాకు మలాయ్‌ల దగ్గర అబ్బిన అలవాటు.

"దేశమంతా ఏడుగురేనా? కోతలు కొయ్యకురా. అన్నం తిన్నావా, మళ్లీ ఆ వేపుడు గొరెంగేనా?"

ఆ ఏడుగురిలో ఆరుగురు ఆడపిల్లలు, ఒక మేనేజర్. మేనేజర్ వాళ్ల దేశపు క్రీడల ఆఫీసులో గుమస్తా. భారీ మనిషి. ఏడు పాస్‌పోర్టులూ ఒక సంచిలో వేసి పొట్టకు కట్టుకొని తిరిగేవాడు. బీచ్ కబడ్డీలో ఒక్కో వైపు నలుగురే ఆడతారని కూడా ఆయనకు తెలియదు. కెప్టెన్‌కు ముప్పై ఏళ్లుంటాయి. చిన్నపిల్లల బడిలో టీచరు. అరికాళ్లు వెడల్పుగా ఉండి, ఇసుకలో నడిస్తే చప్పుడయ్యేది కాదు. వ్యాన్‌లో నా పక్క సీట్లో కూర్చుంది. మేం ఇంగ్లీషులో మాట్లాడుకున్నాం. వాళ్ల ఇంగ్లీషు వాళ్లది, నాది నాది. మధ్యలో ఎక్కడో కలిసేవి.

"మీ కోచ్ ఏరీ?" అన్నాను.

"ఏడు టికెట్లే ఇచ్చారు అంకుల్. ఆయన వస్తే ఒకమ్మాయి ఆగిపోవాలి. ఆయనే ఆగిపోయాడు."

"మరి ఆట ఎవరు చెబుతారు?"

కెప్టెన్ తన ఫోన్ చూపించింది. రెండేళ్లుగా అందులో వీడియోలు చూసే నేర్చుకున్నారట. వాళ్ల దేశంలో ఇంకో కబడ్డీ జట్టు లేదు. ఆడాలంటే ముగ్గురు ముగ్గురుగా విడిపోయి తమలో తామే ఆడుకోవాలి.

"ఇప్పటిదాకా ఎన్ని మ్యాచ్‌లు ఆడారు?"

"ఇక్కడ మూడు ఆడతాం. అవే మొదటివి." కాసేపు కిటికీలోంచి సముద్రం చూసింది. "ఆఫీసువాళ్లు ఒక మాట చెప్పి పంపారు. మూడింటిలో ఒక్కటి గెలిస్తే జట్టు ఉంటుంది. లేకపోతే వచ్చేసారి టికెట్లు వాలీబాల్ అబ్బాయిలకు ఇచ్చేస్తారు. మా జట్టు ఉండదు."

వెనక సీట్లలో అయిదుగురు అమ్మాయిలూ నా తల వెనకభాగం వైపు చూస్తున్నారు. అద్దంలో కనిపిస్తున్నారు. ఎవరి చెవుల్లోనూ ఏమీ లేవు.

"మీ అదృష్టం బాగుంది," అన్నాను. "నేను పెరాక్ ఛాంపియన్‌ని."

మీకు మాత్రం నిజం చెబుతాను. బాగన్ దాతుక్ దగ్గర మా కొబ్బరి ఎస్టేట్‌లో, ఆదివారం సాయంత్రాలు, కొబ్బరి ఎండబెట్టే కళ్లం పక్కన ఇసుకలో చెడుగుడు ఆడేవారు. మా తాతలు విశాఖ వైపు నుంచి ఓడెక్కి వచ్చినప్పుడు వాళ్లతోపాటు వచ్చిన ఆట. మా నాన్న కూతకు వెళ్తే ఇద్దరిని ముట్టందే తిరిగొచ్చేవాడు కాదు. నాకు చిన్నప్పటినుంచీ ఆయాసం. నాలుగడుగులు పరిగెత్తితే ఛాతీలో పిల్లి అరిచేది. అందుకని నాకు వేరే పని ఇచ్చారు. మా ఎస్టేట్ ఆటలో రిఫరీ ఉండేవాడు కాదు, చెవి ఉండేవాడు. కూతకు వెళ్లినవాడి వెంటే నడుస్తూ, వాడి నోటి దగ్గర చెవి పెట్టి, కూత ఎక్కడైనా తెగిందేమో వినాలి. తెగితే చెయ్యెత్తాలి. వాణ్ణి చెవి అనే పిలిచేవారు. ఎనిమిదేళ్లు నేను చెవిని. మా నాన్న కూత తెగినప్పుడు కూడా చెయ్యెత్తాను. ఇంటికొచ్చాక తన్నులు తిన్నాను.

ఆట ఆడలేదు గానీ ఊపిరి అయిపోయేటప్పుడు మనిషి గొంతు ఎలా మారుతుందో నాకు తెలిసినట్టు ఛాంపియన్లకు కూడా తెలియదు. మంచివాళ్లు చివర్లో గొంతు పెంచరు. దించుతారు. మాటను గొంతులోంచి తీసి నాలుక చివర పెడతారు. అప్పుడు ఊపిరి ఇంకో అయిదారు లెక్కలు సాగుతుంది. నా దగ్గరున్న నిజమైన సరుకు అదొక్కటే.

మొదటి మ్యాచ్‌కు నాలుగు రోజుల టైముంది. రోజూ పొద్దున్నే వాళ్లను హోటల్ నుంచి తీరానికి తీసుకెళ్లాను. మెడలోతు నీళ్లలో నిలబెట్టి కూత పెట్టించాను. దీవుల పిల్లలు కదా, సముద్రం వాళ్లకు ఇంటి వసారా లాంటిది. అల వచ్చి నోట్లో పడుతున్నా కూత ఆపేవారు కాదు. నేను బట్టలతోనే నీళ్లలోకి దిగి, ఒక్కొక్కరి దగ్గరికీ వెళ్లి, నోటి దగ్గర చెవి పెట్టి వినేవాణ్ణి. ఎవరైనా చూస్తే పోలీసులను పిలిచేవారే.

"కిందికి దించు. గొంతు కిందికి దించు. ఇప్పుడు నాలుక మీద. అదీ!"

విరామంలో కథలు చెప్పేవాణ్ణి. మా ఎస్టేట్‌లో ఒకాయన ఒకే ఊపిరి మీద కూత పెడుతూ పెరాక్ నది ఈది, అవతలి ఒడ్డున కాఫీ కొట్టుకు వెళ్లి, కాఫీ తాగి తిరిగొచ్చాడని చెప్పాను.

కెప్టెన్ గంభీరంగా అడిగింది. "కాఫీలో పంచదార వేసుకున్నాడా అంకుల్?"

"లేదు. పంచదార కలిపేంత ఊపిరి లేదు."

అమ్మాయిలు ఇసుకలో పడి దొర్లారు. ఏడేళ్లలో నా కథకు ఎవరైనా పొట్ట పట్టుకొని నవ్వడం అదే మొదటిసారి. మేనేజర్ కూడా నవ్వాడు. సంచి కదిలింది.

తప్పు అక్కడ జరిగింది. వాళ్లకు కూతలో చెడుగుడు అనడం నేర్పాను. నాకు తెలిసిన కూత అదే. మా కూలీ ఇళ్ల లైన్లలో అందరూ అదే అనేవారు, మా నాన్న అదే అనేవాడు. కానీ కెప్టెన్ రెండో రోజే అడిగింది.

"వీడియోల్లో కబడ్డీ అంటారు కదా అంకుల్?"

నాకు తెలియదని చెప్పి ఎవర్నైనా అడిగి ఉండొచ్చు. పోటీల ఆఫీసు రెండొందల అడుగుల దూరంలో ఉంది. కానీ ఆ పొద్దున ఆరుగురు అమ్మాయిలు నీళ్లలో నిలబడి, చెడుగుడు చెడుగుడు అంటుంటే, ఆ మాట అలల మీదుగా నా దగ్గరికి వస్తోంది. మా నాన్న పోయాక ఆ కూత నా చెవిన పడలేదు. మా ఎస్టేట్‌లో కొబ్బరి తీసేసి పామాయిల్ వేశారు, లైన్లు కూల్చేశారు. భూమ్మీద ఆ మాటతో అవసరమున్నవాళ్లు ఆ క్షణాన ఆ ఆరుగురే.

"కబడ్డీ అనేది పట్నం మాట," అన్నాను. "అసలు కూత ఇదే. దీనికి ఊపిరి తక్కువ పడుతుంది. అంపైర్లు విన్నారంటే దండం పెడతారు."

తలూపి మళ్లీ నీళ్లలోకి వెళ్లింది.

మొదటి మ్యాచ్ పొద్దున తొమ్మిదింటికి. వాలీబాల్ కోర్టుల దగ్గర బాజాలు, జెండాలు, జనం. కబడ్డీ కోర్టు తీరం చివర్లో వేశారు. గ్యాలరీలో కాకులు, అవతలి జట్టు తాలూకు ఇరవైమంది, నేను. బెంచీ మీద కోచ్ కుర్చీలో మేనేజర్ కూర్చున్నాడు. నేను సరిగ్గా ఆయన వెనక, తాడుకు ఇవతల, నోటికొచ్చిన భాషలో అరుస్తూ.

కెప్టెన్ మొదటి కూతకు వెళ్లింది. గీత దాటింది. చెడుగుడు చెడుగుడు. ఈల పడింది. అంపైర్ ఆమెను వెనక్కి పంపి, అవతలివాళ్లకు పాయింటు ఇచ్చాడు. ఏదో అడుగు తప్పు పడిందనుకున్నాను. రెండో అమ్మాయి వెళ్లింది. మళ్లీ ఈల. మూడో అమ్మాయి. మళ్లీ ఈల. అంపైర్ తన నోటి వైపు వేలు చూపించి ఏదో చెప్పాడు. వాళ్లకు అర్థం కాలేదు. అందరూ వెనక్కి తిరిగి నన్ను చూశారు. నేను కాకుల్ని చూశాను.

సగం ఆట అయ్యాక స్కోరు బల్ల దగ్గరినుంచి ఒకావిడ పిలిచింది.

"ఏవండీ, మీరు తెలుగువారేనా? అక్కడ్నించి మీరు అరుస్తుంటే వినబడింది."

గుంటూరావిడ. అక్కడ వ్యాయామం టీచరుగా చేసిందట. భర్తది కౌలాలంపూర్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. పోటీలకు స్కోరు రాయడానికి వచ్చింది.

"అవునండి. మాది బాగన్ దాతుక్. ఇక్కడే పుట్టినాను," అన్నాను. ఆవిడ మొహం విప్పారింది.

"మీరు మాట్లాడుతుంటే విజయనగరంలో మా పెద్దత్తగారు గుర్తొస్తున్నారండీ. సరే గానీ, మీ పిల్లలు చెడుగుడు అంటున్నారేంటండీ?"

"ఏటి, అనకూడదా?"

"కబడ్డీ అనే అనాలండీ. ఇంకేమన్నా కూత చెల్లదు, పాయింటు పోతుంది. చిన్నప్పుడు మా ఊళ్లో మేమూ చెడుగుడే ఆడాం. టోర్నమెంట్లో కుదరదు. వాళ్లకు ఎవరు చెప్పారో గానీ పాపం, ఏడు పాయింట్లు ఊరికే పోయాయి."

వెళ్లి కెప్టెన్‌తో చెప్పాను. "రూల్ మార్చారట. ఈ ఏడాది నుంచే. ఇక కబడ్డీ అనండి."

అది ఇంకో అబద్ధం. మిగతా సగంలో వాళ్లు నోరు తెరవడానికే భయపడ్డారు. యాభై రెండుకు పదకొండుతో ఓడిపోయాం. రెండో మ్యాచ్ మర్నాడు, అందరికంటే బలమైన జట్టుతో. అందులో కూతలన్నీ సరిగ్గానే పెట్టారు, ఒక్క ఈలా పడలేదు. అయినా ఇంకా ఎక్కువ తేడాతో ఓడిపోయాం. అది నా తప్పు కాదు. ఆ రోజంతా ఆ మాటే నాకు నేను చెప్పుకుంటూ తిరిగాను.

మూడో రోజు సెలవు. నాలుగో రోజు ఆఖరి మ్యాచ్. అవతలిదీ కొత్త జట్టే, వాళ్లూ రెండూ ఓడినవాళ్లే. సెలవు రోజు పొద్దున అమ్మాయిలు సముద్రంలో ఉండగా, కెప్టెన్ నాతో రోడ్డు పక్కన రోటీ చానాయ్ కొట్టుకు వచ్చింది. నాకు తే తారిక్ అనే నురగ టీ, ఆమెకు మైలో. కాసేపు రోటీ తుంచుతూ కూర్చుంది.

"అంకుల్, మీరు ఛాంపియన్ ఏ సంవత్సరంలో?"

నోటి నిండా సంవత్సరాలున్నాయి. ఏదో ఒకటి తీసి ఇస్తే సరిపోయేది. ఆమె అరికాళ్ల వైపు చూశాను. రెండు బొటనవేళ్లకూ ప్లాస్టర్లు.

"ఏ సంవత్సరంలోనూ కాదు," అన్నాను. "నేను ఎప్పుడూ ఆడలేదు."

రోటీ తుంచడం ఆపింది. చెవి సంగతి చెప్పాను. ఆయాసం సంగతి చెప్పాను. రూల్ మారలేదనీ, అది ఎప్పటినుంచో ఉందనీ, నాకే తెలియదనీ చెప్పాను. చెబుతుంటే నా గొంతు నాకే కొత్తగా ఉంది. కథ చెప్పేటప్పుడు నా చేతులు ఎప్పుడూ గాల్లో ఉంటాయి. అప్పుడు బల్ల మీద ఊరికే పడి ఉన్నాయి.

ఆమె తుంచిన రోటీ ముక్కలన్నీ పళ్లెంలో ఒక పక్కకు జరిపింది. తర్వాత అడిగింది.

"నది ఈదినాయన?"

"అదీ అబద్ధమే."

"అది నాకు తెలుసు," అంది. "గొంతు దించడం?"

"అది నిజం. ఒట్టు. అదొక్కటే నిజం."

"నిజమే. రెండో మ్యాచ్‌లో నా కూత ఎక్కువసేపు నిలిచింది. నేను చూసుకున్నాను." మైలో తాగేసి లేచింది. "ఇంకా మా దగ్గర ఒక మ్యాచ్ ఉంది అంకుల్. అమ్మాయిలకు ఏమీ చెప్పకండి. వాళ్లు మిమ్మల్ని నమ్మితే బాగా ఆడతారు."

ఆమె తిట్టి ఉంటే ఆ రాత్రి నిద్ర పట్టేదేమో.

ఆఖరి మ్యాచ్‌కు గ్యాలరీలో అవతలివాళ్ల మనుషులు నలుగురు, ఊడ్చే ఆడవాళ్లు ఇద్దరు, మోటార్‌సైకిల్ మీద ఐస్‌క్రీమ్ అమ్మే చీనా ముసలాయన. ఆయన ఎండ తగలకుండా నీడ కోసం వచ్చాడు. మావాళ్ల వైపు అరవడానికి నేను ఒక్కణ్ణే. మొదటి సగంలో ఇంగ్లీషులో అరిచాను. తర్వాత మలాయ్‌లో, తర్వాత తమిళంలో. చివరికి, "పట్టు! కాలు పట్టు! ఒదలకు!" అని తెలుగులో పడ్డాను. ఐస్‌క్రీమ్ ముసలాయన నా వైపు చూసి కొంచెం దూరం జరిగాడు.

మావాళ్లు ఆడారు. నిజంగా ఆడారు. ఆ సన్నటి చిన్నమ్మాయి, వ్యాన్‌లో ఎప్పుడూ నిద్రపోయేది, తనకు రెండింతలున్న మనిషిని చీలమండ దగ్గర పట్టి ఇసుకలో కూలేసింది. మేనేజర్ కుర్చీలోంచి లేచి పాస్‌పోర్టుల సంచిని గాల్లో ఊపాడు. ఒక దశలో ఆరు పాయింట్లు ముందున్నాం. తర్వాత వాళ్లు వచ్చేశారు. ఆఖరి నిమిషంలో ఇరవై ఏడు, ఇరవై ఏడు. ఆఖరి కూత మాది. సమంగా ఆగిపోతే గెలుపు కాదు. ఒక్క పాయింటు కావాలి.

కెప్టెన్ వెళ్లింది.

గీత దాటి, కబడ్డీ కబడ్డీ అంటూ ఎడమకు జరిగింది. వాళ్లు నలుగురూ చేతులు కలిపి వెనక్కి తగ్గారు. కుడికి జరిగింది. తొందరపడలేదు. గొంతు నిలకడగా ఉంది. మూలనున్న అమ్మాయి మోకాలి మీద చెయ్యి వేసి వెనక్కి తిరిగింది. తాకింది, నేను చూశాను, అంపైర్ కూడా చూశాడు. ఇక గీత ముడితే చాలు. రెండడుగుల దూరంలో ఒకమ్మాయి ఆమె నడుము మీద పడింది. ఇంకొకతె కాళ్లు పట్టింది. కెప్టెన్ బోర్లా పడింది. పడినా కూత ఆపలేదు. మోచేతుల మీద పాకుతోంది. నలుగురూ మీద పడ్డారు. ఆమె కుడిచెయ్యి ఒక్కటే బయట ఉంది. అది గీత వైపు అంగుళం అంగుళం సాగుతోంది.

అంపైర్ ఇసుకలో మోకాళ్ల మీద కూర్చొని, ఆమె నోటి దగ్గర చెవి పెట్టాడు.

నాకు దూరం. అయినా వినబడింది. ఊపిరి అయిపోతున్నప్పుడు నేను చెప్పినట్టే చేసింది. గొంతు దించింది. మాటను నాలుక చివరికి తెచ్చింది. నేను నీళ్లలో నిలబెట్టి, ఊపిరి అడుగంటేదాకా పలికించిన మాట ఏదైతే ఉందో అదే వచ్చింది.

చెడుగుడు, చెడుగుడు, చెడుగుడు.

వేళ్లు గీత మీద పడ్డాయి. వేళ్లు పడకముందే ఈల పడింది.

ఇరవై ఏడు, ఇరవై ఎనిమిది.

అవతలి అమ్మాయిలు ఒకరినొకరు ఎత్తుకున్నారు. వాళ్లకూ అది మొదటి గెలుపే. మావాళ్లు అంపైర్ చుట్టూ చేరారు. మేనేజర్ ఏదో రూల్ పుస్తకం తిరగేయబోయాడు. కెప్టెన్ ఇసుకలోంచి లేచి, నోట్లో ఇసుక ఉమ్మేసి, "నేనే తప్పు పలికాను," అని వాళ్లందరినీ వెనక్కి తీసుకొచ్చింది. నా వైపు చూడలేదు. చూడకపోవడం కోపంతో కాదని నాకు తెలుసు. చూస్తే నేను ఏమైపోతానో అని చూడలేదు.

స్కోరు బల్ల దగ్గర గుంటూరావిడ కాగితాలు సర్దుతూ నన్ను ఆపింది.

"అయ్యో, చేతికందిన మ్యాచ్ పోయిందండీ. చివర్లో ఆ అమ్మాయి మళ్లీ చెడుగుడు అందేంటండీ? ఎవరు నేర్పుంటారు వాళ్లకు?"

"తెలీదండి," అన్నాను.

నా జీవితంలో చెప్పిన అబద్ధాల్లో అంత చిన్నది లేదు. కోతి లేదు, నది లేదు. ఒక్క మాట. ఆ తర్వాత ఆవిడ మళ్లీ పలకరించినా తెలుగులో మాట్లాడలేకపోయాను.

మర్నాడు మధ్యాహ్నం ఎయిర్‌పోర్టుకు తీసుకెళ్లాను. కెప్టెన్ నా పక్క సీట్లోనే కూర్చుంది. వెనక అయిదుగురూ మెలకువగా ఉన్నారు. చిన్నమ్మాయి, "అంకుల్, నది కథ చెప్పండి," అంది. నేను మొదలుపెట్టాను. ఆయన నీళ్లలోకి దిగాడు, ఈదడం మొదలుపెట్టాడు. అక్కడ ఆగిపోయాను. ట్రాఫిక్ ఎక్కువగా ఉందని చెప్పాను. వంతెన ఖాళీగా ఉంది.

"ఇంటికెళ్లాక ఏం చేస్తారు?" అని కెప్టెన్‌ను అడిగాను.

"సోమవారం బడి ఉంది. రెండో తరగతి పిల్లలకు లెక్కలు."

"జట్టు?"

"ఆఫీసువాళ్లు చెప్పింది చెప్పారు కదా." భుజాలు ఎగరేసింది. "వెనక కూర్చున్న ఇద్దరు అమ్మాయిల వాలీబాల్‌లో చేరతారట. మిగతావాళ్లు చూస్తారు. నాకు ముప్పై ఒకటి అంకుల్."

దిగేటప్పుడు అందరూ చెయ్యి కలిపారు. మేనేజర్ పాస్‌పోర్టులు లెక్కపెట్టుకొని నాకు సెల్యూట్ కొట్టాడు. కెప్టెన్ చెయ్యి గరుకుగా ఉంది, గోళ్లలో ఇంకా ఇసుక ఉంది. లోపలికి వెళ్లిపోయారు. వ్యాన్ పెట్టకూడని చోట పెట్టానని గార్డు వచ్చి అద్దం కొట్టేదాకా అక్కడే ఉన్నాను.

ఆ వారం వాళ్ల క్రీడల ఆఫీసుకు ఉత్తరం రాశాను. ఓటమి జట్టుది కాదు, వాళ్లకు తప్పు కూత నేర్పిన డ్రైవర్‌ది, దయచేసి ఇంకో అవకాశం ఇవ్వండి అని. ఇరవై ఎనిమిదేళ్లు క్యాంటీన్‌ను నిలబెట్టిన నాకు ఆ నాలుగు వాక్యాలు రాయడానికి మూడు రోజులు పట్టింది. ఎన్నిసార్లు రాసినా అబద్ధంలాగే కనిపించింది. చివరికి పంపాను. నెల తర్వాత జవాబు వచ్చింది. ఉత్తరం అందింది, కృతజ్ఞతలు, వచ్చే పోటీలకు జట్ల ఎంపిక ఇదివరకే పూర్తయింది.

ఆ ఆదివారం అక్కకు ఫోన్ చేసి మొత్తం చెప్పాను. మెతుకుల్లాంటి దీవులు, పాస్‌పోర్టుల సంచి, నీళ్లలో కూత, ఆఖరికి ఇసుకలో చెయ్యి. ఒక్క ముక్క కలపలేదు. అక్క మొదటినుంచీ నవ్వుతూనే ఉంది.

"పరాయి దేశపు ఆడపిల్లలు మన చెడుగుడు ఆడినారా! నీ కోతలకు అంతు లేదురా లా! నాన్నుంటే నీ వీపు సీరేసేవాడు. సరే, మరి గెలిసినారా?"

అందరూ అదే అడుగుతారు. గెలిచారని చెబితే కథ బాగుంటుంది. అక్క ఇంకో పది నిమిషాలు నవ్వేది.

"లేదక్కా. ఓడిపోయినారు. ఒక్క పాయింటుతో. నేను నేర్పిన మాటకే ఓడిపోయినారు. వాళ్ల జట్టు తీసేసినారు."

ఫోన్లో నవ్వు ఆగింది. అవతల టీవీ మోగుతోంది, ఎవరో తమిళంలో ఏడుస్తున్నారు. అక్క లేచి దాన్ని ఆపినట్టుంది.

"నిజమేటిరా?" అంది.

"నిజమే అక్కా."

పావుగంట దాటిపోయింది. అయినా అక్క ఫోన్ పెట్టలేదు, నేనూ పెట్టలేదు.